రెజీ వైట్

రెజినాల్డ్ హోవర్డ్ వైట్ (1961 డిసెంబరు 19 – 2004 డిసెంబరు 26) అమెరికన్ ఫుట్‌బాల్ క్రీడాకారుడు, బాప్టిస్టు మతబోధకుడు. రెజీ వైట్ అన్న పేరుతోనే ప్రసిద్ధుడు. రక్షణ పంక్తిలో డిఫెన్సివ్ ఎండ్ స్థానంలో ఆడిన ఇతడు నేషనల్ ఫుట్‌బాల్ లీగ్‌లో (ఎన్.ఎఫ్.ఎల్.) 15 సీజన్లు ఆడి 198 శాక్‌లు సాధించాడు. మైదానంలో రక్షణ బాధ్యత, ఆదివారం ప్రార్థనామందిరంలో ప్రసంగం, ఈ రెండింటినీ కలిపి అభిమానులు ఇతడిని రక్షణమంత్రి అని పిలుచుకున్నారు. ఆంగ్లంలో మంత్రికి, మతబోధకునికి ఒకే పదం ఉండుట వలన ఆ బిరుదులో శ్లేష ఉన్నది. ఆటలోని ఘనతతో పాటు, క్రీడాకారులకు తమ జట్టును తామే ఎంచుకొనే హక్కు లభించిన వ్యాజ్యంతో కూడా ఇతడి పేరు ముడిపడి ఉన్నది.

ఆటలో ఇతడి పాత్ర

అమెరికన్ ఫుట్‌బాల్ మనం సాధారణంగా ఫుట్‌బాల్ అని పిలిచే ఆట కాదు. ఇందులో బంతిని చేతితో పట్టుకొని పరుగెత్తుట, విసరుట ప్రధానం. ఒక్కొక్క పక్షంలో 11 మంది ఉంటారు. దాడి చేసే జట్టుకు క్వార్టర్‌బ్యాక్ అనే ఆటగాడు నాయకుడు. అతడు బంతిని విసరక ముందే, దాడి మొదలైన గీతకు వెనుకనే అతడిని పట్టి పడవేయుటను శాక్ అంటారు. కబడ్డీలో కూతకు వచ్చినవానిని తిరిగి గీత చేరనీయక పట్టివేయుటతో దీనిని కొంతవరకు పోల్చవచ్చు. అయితే ఇక్కడ పట్టవలసినవానికి ముందు భారీకాయులైన అయిదుగురు అడ్డుగోడ వలె నిలిచి ఉంటారు. ఆ గోడను అంచు వైపు నుండి ఛేదించుట డిఫెన్సివ్ ఎండ్ పని.

సుమారు ఆరడుగుల అయిదంగుళాల ఎత్తు, 136 కిలోల బరువు గల వైట్, ఆ బరువుకు అరుదైన వేగం కలవాడు. మొదట బయటి వైపుకు దూసుకుపోతున్నట్లు కనిపించి, అడ్డగించేవాడు అటు ఒరగగానే ఒక్క చేతితో అతడి పక్కటెముకల కింద ఎత్తి పక్కకు విసరివేసి లోపలికి చొచ్చుకుపోవుట ఇతడి ప్రత్యేకత. ఆ ఎత్తుగడ రాబోతున్నదని ఎదుటివారికి ముందే తెలిసి ఉండేది. అయినా ఆపుట కష్టమయ్యేది. ఒక్క వైట్‌ను నిలువరించుటకు ఇద్దరిని, ఒక్కొక్కసారి ముగ్గురిని నియోగించవలసి రావటంతో మిగిలిన రక్షకులకు దారి సులభమయ్యేది. ఈ ప్రయోజనం గణాంకాలలో కనిపించదు.

బాల్యము, విద్య

వైట్ టెనెసీ రాష్ట్రంలోని చాటనూగా పట్టణంలో జన్మించాడు. తల్లి, అమ్మమ్మల పెంపకంలో పెరిగాడు. పన్నెండేళ్ల వయసులోనే తాను ఫుట్‌బాల్ ఆటగాడిని, మతబోధకుడిని అవుతానని తల్లితో చెప్పాడట. పదిహేడవ ఏట బోధకునిగా అభిషిక్తుడయ్యాడు.

హోవర్డ్ ఉన్నత పాఠశాలలో ఇతడి శిక్షకుడు రాబర్ట్ పులియం. ఆయన స్వయంగా టెనెసీ విశ్వవిద్యాలయం తరఫున ఆడినవాడు. దేహబలం ఎంత ఉన్నా, ఎదుటివానికి దెబ్బ తగులుతుందేమోనని వెనుకాడే మెతకదనం ఆ పిల్లవానిలో ఉండేది. దానిని పోగొట్టుటకు పులియం అతడితో బాస్కెట్‌బాల్ ఆడుతూ మోచేతులతో పొడిచి ఏడిపించేవాడని ప్రసిద్ధి. ఈ పద్ధతిని ఉపాధ్యాయులందరూ మెచ్చుకోకపోవచ్చు. వైట్ మాత్రం తన ఎదుగుదలకు ఆ శిక్షకుడే కారణమని తరువాత చెప్పుకున్నాడు.

పాఠశాల విద్య ముగిసేనాటికి అనేక విశ్వవిద్యాలయాలు ఇతడిని తమ జట్టులో చేర్చుకొనుటకు పోటీపడ్డాయి. అమెరికాలో పేరుగాంచిన పాఠశాల క్రీడాకారుల ఇళ్లకు విశ్వవిద్యాలయ శిక్షకులు స్వయంగా వెళ్లి నచ్చజెప్పుట ఆనవాయితీ. వైట్ దూరం పోక, స్వరాష్ట్రంలోనే నాక్స్‌విల్‌లో ఉన్న టెనెసీ విశ్వవిద్యాలయాన్ని ఎంచుకున్నాడు. అక్కడ శిక్షకుడు జానీ మేజర్స్ ఆధ్వర్యంలో 1980 నుండి 1983 వరకు ఆడాడు. 1982లో చీలమండ గాయం వలన రాణించలేకపోయినా, మరుసటి సంవత్సరం 15 శాక్‌లతో ఆగ్నేయ కాన్ఫరెన్స్‌లో ఉత్తమ ఆటగానిగా, జాతీయ స్థాయి ఆల్ అమెరికన్‌గా ఎంపికయ్యాడు. నాలుగేళ్లలో సాధించిన 32 శాక్‌ల విశ్వవిద్యాలయ రికార్డును 2016లో గాని డెరిక్ బార్నెట్ దాటలేకపోయాడు.

మెంఫిస్ నుండి ఫిలడెల్ఫియాకు

ఆ కాలంలో ఎన్.ఎఫ్.ఎల్.కు పోటీగా యునైటెడ్ స్టేట్స్ ఫుట్‌బాల్ లీగ్ అనే కొత్త సంస్థ వసంతకాలంలో ఆటలు నిర్వహించేది. వైట్ 1984లో ఆ లీగ్‌లోని మెంఫిస్ షోబోట్స్ జట్టులో చేరాడు. మెంఫిస్ కూడా టెనెసీలోనిదే. రెండు సీజన్లలో 23.5 శాక్‌లు చేశాడు. కాని ఆ లీగ్ ఆర్థికంగా చితికిపోయి 1985 తరువాత మళ్లీ ఆడలేదు. ఎన్.ఎఫ్.ఎల్.పై అది వేసిన గుత్తాధిపత్య వ్యాజ్యంలో జ్యూరీ దానిని గెలిపించి కూడా నష్టపరిహారంగా ఒకే ఒక్క డాలరు నిర్ణయించింది.

వైట్‌పై ఎన్.ఎఫ్.ఎల్. హక్కులను ఫిలడెల్ఫియా ఈగిల్స్ 1984లో జరిగిన అదనపు డ్రాఫ్ట్‌లోనే దక్కించుకొని ఉంది. 1985లో వసంతమంతా మెంఫిస్‌లో ఆడి, విశ్రాంతి లేకుండా అదే సెప్టెంబరులో ఫిలడెల్ఫియాకు వచ్చిన ఇతడు 13 ఆటలలో 13 శాక్‌లు చేశాడు. మరుసటి సంవత్సరం రక్షణ వ్యూహాలలో ఆరితేరిన బడీ రయన్ ప్రధాన శిక్షకుడయ్యాడు. 1987లో ఆటగాళ్ల సమ్మె కారణంగా వైట్ ఆడినవి 12 ఆటలే అయినా 21 శాక్‌లు సాధించి లీగ్‌లో ఉత్తమ రక్షణ ఆటగాడనిపించుకున్నాడు. ఈగిల్స్ తరఫున 8 సీజన్లలో ఆడిన ఆటలు 121, శాక్‌లు 124. ఆటల కంటె శాక్‌లు ఎక్కువ. ఆ జట్టులో ఈ రికార్డును ఇంతవరకు ఎవరూ చేరుకోలేదు.

వ్యక్తిగా ఎంత రాణించినా జట్టుకు చివరి మెట్టు దక్కలేదు. రయన్ కాలంలో ఈగిల్స్ వరుసగా మూడేళ్లు ప్లేఆఫ్‌లకు వెళ్లి మూడుసార్లూ మొదటి ఆటలోనే ఓడిపోయింది. 1992 జూన్ 25న సహచరుడు, ఆప్తమిత్రుడు జెరోమ్ బ్రౌన్ కారు ప్రమాదంలో మరణించాడు. ఆనాడు ఫిలడెల్ఫియాలో బిల్లీ గ్రాహం సువార్త సభ జరుగుతున్నది. వేదికపై మాట్లాడవలసి ఉన్న వైట్, కన్నీళ్లతో ఆ మరణవార్తను వేలాది ప్రజలకు తానే తెలియజేశాడు.

స్వేచ్ఛ కోసం వ్యాజ్యం

ఎన్.ఎఫ్.ఎల్.లో ఆటగానికి తన జట్టును ఎంచుకొనే అవకాశం చిరకాలం ఉండేది కాదు. డ్రాఫ్ట్‌లో ఏ జట్టు ఎంచుకుంటే ఆ జట్టుకే ఆడాలి. ఒప్పందం గడువు తీరినా విడుదల దుర్లభం. 1989లో ప్రవేశపెట్టిన ప్లాన్ బి అనే ఏర్పాటు ప్రకారం ప్రతి జట్టు తన ఆటగాళ్లలో 37 మందిని అట్టిపెట్టుకొని, మిగిలినవారిని మాత్రమే వదలిపెట్టేది. అంటే ఎవరికీ అంతగా అక్కరలేనివారికే స్వేచ్ఛ, రాణించినవారికి బంధనం. 1992 సెప్టెంబరులో మినియాపొలిస్‌లోని ఫెడరల్ న్యాయస్థానంలో, ఫ్రీమన్ మెక్‌నీల్ తదితరులు వేసిన దావాలో జ్యూరీ ఈ ఏర్పాటు చట్టవిరుద్ధమని తేల్చింది. ఆ వెంటనే ఆటగాళ్లందరి పక్షాన మరొక దావా దాఖలయింది. దానికి వైట్ పేరు పెట్టారు.

1993 జనవరిలో ఉభయపక్షాలు రాజీకి వచ్చాయి. నిర్ణీత సంవత్సరాలు ఆడి, ఒప్పందం ముగిసిన ఆటగాడు ఇష్టమైన జట్టుతో బేరం కుదుర్చుకోవచ్చు. అందుకు బదులుగా జట్లు వేతనాలపై చేసే మొత్తం వ్యయానికి పరిమితి విధించుటకు ఆటగాళ్లు అంగీకరించారు. ఆ పరిమితి 1994 నుండి అమలులోకి వచ్చింది. తరువాతి దశాబ్దాలలో ఈ లీగ్ ఆర్థిక వ్యవస్థ అంతా ఈ రాజీ పునాదిపైనే నడిచింది.

గ్రీన్ బే నిర్ణయం

కొత్త నియమాల కింద స్వేచ్ఛ పొందినవారిలో అందరి దృష్టీ వైట్ మీదనే నిలిచింది. ఈగిల్స్ యజమాని నార్మన్ బ్రామన్‌తో ఇతడికి పొసగక, అక్కడ కొనసాగే అవకాశం సన్నగిల్లింది. 1993 వసంతంలో అయిదు వారాలకు పైగా వైట్ దంపతులు క్లీవ్‌లాండ్, అట్లాంటా, డెట్రాయిట్, వాషింగ్టన్, శాన్ ఫ్రాన్సిస్కో మొదలైన నగరాలు తిరిగారు. ప్రతిచోటా రాజమర్యాదలే. పదిహేడేళ్ల వయసులో విశ్వవిద్యాలయాలు వెంటపడిన కుర్రవాని వెంట ఇప్పుడు ముప్పై ఒకటవ ఏట జట్ల యజమానులే పడ్డారు.

పెద్ద నగరంలో నల్లజాతి పేదవాడల మధ్య సేవ చేయాలన్నది తన కోరికగా వైట్ చెప్పుకున్నాడు. విస్కాన్సిన్ రాష్ట్రంలోని గ్రీన్ బే అందుకు పూర్తిగా విరుద్ధమైనది. జనాభా లక్షకు లోపు, దాదాపు అందరూ శ్వేతజాతీయులు, శీతాకాలంలో గడ్డకట్టే చలి. నల్లజాతి ఆటగాళ్లు అక్కడికి వెళ్లుటను శిక్షగా భావించేవారు. అక్కడి ప్యాకర్స్ జట్టుకు ఘనమైన గతం ఉన్నది కాని, విన్స్ లంబార్డి కాలం తరువాత పాతికేళ్లలో ప్లేఆఫ్‌లు చేరినది రెండుసార్లు మాత్రమే.

అయినా జనరల్ మేనేజర్ రాన్ ఉల్ఫ్, ప్రధాన శిక్షకుడు మైక్ హోమ్‌గ్రెన్ ఆశ వదులుకోలేదు. ఎక్కడ ఆడాలో దేవుడే చెబుతాడని వైట్ ప్రకటించగా, హోమ్‌గ్రెన్ అతడి ఫోనులో తానే దేవుడనైనట్లు, గ్రీన్ బేకు రమ్మన్నట్లు సరదా సందేశం వదిలాడు. అంతకంటె బలమైన కారణం మరొకటి ఉన్నది. 1992 నవంబరులో మిల్వాకీలో ఈగిల్స్, ప్యాకర్స్ తలపడినప్పుడు వైట్ దెబ్బకు యువ క్వార్టర్‌బ్యాక్ బ్రెట్ ఫావ్ర్ భుజం దెబ్బతిన్నది. అయినా అతడు ఆట విడువక జట్టును గెలిపించాడు. అటువంటివాడు ఉన్న జట్టు గెలుస్తుందన్న నమ్మకం వైట్‌కు అప్పుడే కలిగింది.

1993 ఏప్రిల్ 6న నాలుగేళ్లకు 170 లక్షల డాలర్ల ఒప్పందంపై సంతకం చేశాడు. అంతకుముందు ఏ రక్షణ ఆటగానికీ అంత మొత్తం లభించలేదు. దేవుని మాట కంటె డబ్బు మాట వినిపించిందని కొందరు విమర్శించారు. ఆ విమర్శలో కొంత న్యాయం ఉండవచ్చు. కాని కేవలం సొమ్ము కోసమే అయితే అంతకంటె సుఖమైన ఊళ్లు ఇతడి కోసం ఎదురుచూస్తూనే ఉన్నాయి. ఈ నిర్ణయం తరువాత షాన్ జోన్స్ వంటి నల్లజాతి ఆటగాళ్లు గ్రీన్ బేకు వచ్చుటకు సంకోచించలేదు. ఒప్పందంలోని ఆటల కంటె ఇదే ఆ జట్టుకు పెద్ద లాభమని చెప్పాలి.

సూపర్ బౌల్

1996 జనవరిలో నాక్స్‌విల్‌లో ఇతడు సహాయ బోధకునిగా ఉన్న ప్రార్థనామందిరాన్ని దుండగులు తగులబెట్టి, గోడలపై జాతిద్వేషపు రాతలు రాశారు. దక్షిణాది రాష్ట్రాలలో నల్లజాతివారి మందిరాలు వరుసగా దగ్ధమవుతున్న రోజులవి. పునర్నిర్మాణం కోసం విస్కాన్సిన్ ప్రజలు, అత్యధికులు శ్వేతజాతీయులే, విరివిగా విరాళాలు పంపారు.

అదే సంవత్సరపు సీజన్‌లో ప్యాకర్స్ 16 ఆటలలో 13 గెలిచి, అత్యధిక పాయింట్లు సాధించిన జట్టుగానూ, అతి తక్కువ పాయింట్లు ఇచ్చిన జట్టుగానూ నిలిచింది. 1997 జనవరి 26న న్యూ ఆర్లియన్స్‌లో జరిగిన 31వ సూపర్ బౌల్‌లో న్యూ ఇంగ్లండ్ పేట్రియట్స్‌ను 35–21తో ఓడించింది. మూడవ పాదంలో డెస్మండ్ హోవర్డ్ 99 గజాల పరుగు తీసిన తరువాత, వైట్ వెంటవెంటనే రెండుసార్లు క్వార్టర్‌బ్యాక్ డ్రూ బ్లెడ్సోను పడగొట్టి ప్రత్యర్థికి ఆశ లేకుండా చేశాడు. చివరలో మరొకటి చేర్చాడు. సూపర్ బౌల్‌లో మూడు శాక్‌ల ఆ రికార్డును తరువాత కొందరు సమం చేశారు. మరుసటి ఏడు కూడా ప్యాకర్స్ తుది పోటీకి చేరి డెన్వర్ చేతిలో 31–24తో ఓడింది.

వివాదము, చివరి సంవత్సరాలు

1998 మార్చిలో విస్కాన్సిన్ శాసనసభలో ప్రసంగించుటకు వైట్‌ను ఆహ్వానించారు. ఆ ప్రసంగంలో వివిధ జాతుల వారి సహజ గుణాలంటూ మూసధోరణి వ్యాఖ్యలు చేయుట, స్వలింగ సంపర్కాన్ని పాపంగా ఖండించుట తీవ్ర విమర్శలకు దారితీసింది. జాతులన్నీ కలిస్తేనే దేవుని రూపం పూర్తి అవుతుందని చెప్పుట తన ఉద్దేశమని ఇతడు సమర్థించుకున్నాడు. కాని మాటలు నొప్పించినవారిని ఆ వివరణ తృప్తిపరచలేదు. సి.బి.ఎస్. టెలివిజన్‌లో వ్యాఖ్యాతగా లభించబోయిన ఉద్యోగం చేజారింది.

అదే ఏడు 36 సంవత్సరాల వయసులో 16 శాక్‌లతో రెండవసారి ఉత్తమ రక్షణ ఆటగానిగా ఎంపికయ్యాడు. 1986 నుండి 1998 వరకు వరుసగా 13 సార్లు ప్రో బౌల్‌కు ఎంపిక కావడం ఇతడి మరొక ఘనత. ఒక సంవత్సరం విరామం తరువాత 2000లో కెరొలైనా పాంథర్స్‌కు ఆడి విరమించాడు. 198 శాక్‌ల రికార్డును 2003 డిసెంబరులో బ్రూస్ స్మిత్ దాటాడు.

విరమణ తరువాత వైట్ జీవితం అభిమానులు ఊహించని మలుపు తిరిగింది. బోధనలు మాని, లేఖనాలను మూలంలో చదవాలని హీబ్రూ భాష నేర్చుకొనుటకు రోజులో అధికభాగం వెచ్చించాడు. ఇజ్రాయెల్‌కు వెళ్లి వచ్చాడు. తన కీర్తిని చూసి చర్చిలు తనను వాడుకున్నాయని, స్వయంగా చదువుకోకుండా ఇతరుల మాటలనే బోధించానని ఒప్పుకున్నాడు. కీర్తిలో ఉన్న బోధకుడు ఇంత దూరం వెనుదిరిగి చూచుకొనుట అరుదు.

2004 డిసెంబరు 26 ఉదయం ఉత్తర కెరొలైనాలో, 43వ పుట్టినరోజు గడిచిన వారానికి వైట్ మరణించాడు. అదే రోజు హిందూ మహాసముద్రంలో సునామీ సంభవించి ఆంధ్ర తీరం కూడా దెబ్బతిన్నది. కనుక మన పత్రికల పాఠకులు ఈ వార్తను గమనించి ఉండకపోవచ్చు. గుండె, ఊపిరితిత్తులకు సోకిన సార్కాయిడోసిస్ అనే వ్యాధి మరణకారణమని, నిద్రలో శ్వాస ఆగిపోయే స్లీప్ ఏప్నియా దానికి తోడై ఉండవచ్చునని వైద్యులు తేల్చారు.

2005లో టెనెసీ విశ్వవిద్యాలయం, ప్యాకర్స్, ఈగిల్స్ ఇతడి 92వ నెంబరు చొక్కాను ఇక ఎవరికీ ఇవ్వకుండా విరమింపజేశాయి. రెండు ఎన్.ఎఫ్.ఎల్. జట్లు ఈ గౌరవం ఇచ్చిన మొదటి ఆటగాడు వైట్. 2006 ఆగస్టులో ఒహాయో రాష్ట్రంలోని కాంటన్‌లో ఇతడి పేరు ప్రో ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేరింది. ఆ గౌరవాన్ని భార్య సారా స్వీకరించింది. తరువాత ఆమె, నిద్రలో శ్వాసకు కలిగే అంతరాయాలను ముందే గుర్తించి చికిత్స చేయించుకోవాలని ప్రచారం చేపట్టింది.