హాస్టల్ బడి నుంచి సినిమాల దాకా – జిమ్ థోర్ప్

ఈసారి గోడ పత్రికకి నేను జిమ్ థోర్ప్ గురించి రాస్తున్నాను. అతను అమెరికాలో పెద్ద ఫుట్‌బాల్ ఆటగాడు. అక్కడ ఫుట్‌బాల్ అంటే మన గ్రౌండులో ఆడేది కాదు. కోడిగుడ్డులాంటి బంతిని చంకలో పెట్టుకుని, మీద పడేవాళ్లని తప్పించుకుంటూ ఉరకాలి. థోర్ప్ మనలాగే గిరిజనుడు, మనలాగే హాస్టల్లో ఉండి చదివాడు.

1887లో ఇప్పటి ఓక్లహామా రాష్ట్రంలో, శాక్ అండ్ ఫాక్స్ అనే తెగలో పుట్టాడు. తెగ భాషలో అతని పేరు వా-థో-హక్. వెలుగు దారి అని అర్థం చెబుతారు. కవల సోదరుడు చార్లీ చిన్నప్పుడే న్యుమోనియాతో చనిపోయాడు. ఇరవై ఏళ్లు రాకముందే అమ్మానాన్నా కూడా పోయారు.

1904లో పెన్సిల్వేనియాలోని కార్లైల్ బడిలో చేరాడు. గిరిజన పిల్లల కోసం 1879లో పెట్టిన బడి అది. అక్కడ పిల్లల జుట్టు కత్తిరించేసేవాళ్లు, సొంత భాష మాట్లాడితే శిక్షించేవాళ్లు. ఇది చదివి నాకు చాలా కోపం వచ్చింది. మనం రాత్రి లైట్లు తీసేశాక కోయలో కథలు చెప్పుకుంటాం కదా, అక్కడైతే దెబ్బలే!

1907లో ఒకరోజు థోర్ప్ పని బట్టల మీదే, హైజంప్ కుర్రాళ్లు దాటలేని కర్రని దూకేశాడట. కోచ్ పాప్ వార్నర్ పిలిచి జట్టులో చేర్చుకున్నాడు. 1911లో కార్లైల్ జట్టు హార్వర్డ్ యూనివర్సిటీ వాళ్లని 18-15తో ఓడించింది. అందులో నాలుగు ఫీల్డ్ గోల్స్ ఇతను తన్నినవే. 1912లో ఆర్మీ జట్టుని 27-6తో ఓడించారు. ఆ ఆర్మీ జట్టులో ఆడిన ఐసెన్‌హోవర్ తర్వాత అమెరికా ప్రెసిడెంట్ అయ్యాడు!

అదే ఏడాది స్టాక్‌హోమ్ ఒలింపిక్స్‌లో పెంటథ్లాన్, డెకథ్లాన్ రెండింట్లోనూ బంగారు పతకాలు గెలిచాడు. 1913లో వాటిని లాగేసుకున్నారు. 1909, 1910లో కొద్దిపాటి డబ్బుకి బేస్‌బాల్ ఆడాడని కారణం చెప్పారు. అప్పట్లో కాలేజీ కుర్రాళ్లు చాలామంది అలాగే ఆడేవాళ్లు, కాకపోతే దొంగ పేర్లతో. ఇతను సొంత పేరుతో ఆడి దొరికిపోయాడు.

1915 నుంచి కాంటన్ బుల్‌డాగ్స్ జట్టుకి ఆడాడు. మ్యాచ్‌కి 250 డాలర్లు ఇచ్చేవాళ్లు. 1920లో పెట్టిన ఫుట్‌బాల్ లీగ్‌కి మొదటి అధ్యక్షుడు థోర్పే. 1922, 1923లో అందరూ గిరిజనులే ఉన్న ఊరాంగ్ ఇండియన్స్ జట్టుకి ఆడాడు. దాని యజమానిది కుక్కల వ్యాపారం. ప్రచారం కోసం ఆట మధ్యలో ఆటగాళ్లకి ఈకలు పెట్టి డాన్సులు చేయించేవాడు. నాకనిపిస్తుంది, వేషాలు వేయడం అక్కడే మొదలైందని.

1928లో ఆట మానేశాక చేతిలో డబ్బుల్లేవు. పార పట్టి మట్టి పని కూడా చేశాడు. హాలీవుడ్‌లో చిన్న చిన్న వేషాలు దొరికాయి. చాలా సినిమాల్లో కనిపించాడు గానీ, ఎక్కువగా గుంపులో ఒకడిగానో, ఒక్క నిమిషం కనిపించే తెగ నాయకుడిగానో. 1933లో వచ్చిన కింగ్ కాంగ్‌లో కూడా డాన్సు చేసేవాళ్లలో ఉన్నాడు, తెర మీద పేరు వేయలేదు. గిరిజనుల వేషాలకి వేరేవాళ్లని తెచ్చి ముఖానికి రంగు పూసేవాళ్లు. థోర్ప్ ఊరుకోలేదు. ఆ వేషాలు గిరిజనులకే ఇవ్వాలని తోటి నటులని కూడగట్టి గట్టిగా అడిగాడు. మన సినిమాల్లో చూడండి, గిరిజనులంటే తలకి ఈకలు, అర్థంలేని అరుపులు. ఆ అరుపులు ఏ తెగ భాషో నాకైతే తెలీదు.

తన జీవిత కథ హక్కుల్ని 1931లోనే 1500 డాలర్లకి అమ్మేశాడు. 1951లో ఆ సినిమా వచ్చింది. అందులో థోర్ప్‌గా వేసింది బర్ట్ లాంకాస్టర్ అనే తెల్ల నటుడు. తన కథలో కూడా తన తెగవాళ్లకి ఆ వేషం దక్కలేదు.

1953 మార్చి 28న గుండెపోటుతో చనిపోయాడు. 1982లో ఒలింపిక్ కమిటీ తప్పు దిద్దుకుని, తర్వాతి ఏడాది పతకాల నకళ్లని పిల్లలకి ఇచ్చింది. కానీ రికార్డులో మాత్రం పక్కన ఇంకొకళ్ల పేర్లు కూడా విజేతలుగా ఉంచారు. థోర్ప్ ఒక్కడే విజేత అని 2022లో రాశారు. అప్పటికి అతను పోయి 69 ఏళ్లు.