స్థానం వారి చీరకట్టు

తెలుగు నాటకరంగం మీద స్త్రీ కట్టు ఎట్లా ఉండాలో తీర్చిదిద్దినవాడు ఒక పురుషుడు. ఆయనే స్థానం నరసింహారావు. 1902లో బాపట్లలో జన్మించారు. పేదరికం వల్ల చదువు సాగలేదు. ఒకనాడు హరిశ్చంద్ర నాటకంలో చంద్రమతి పాత్రధారి రాకపోగా ఆ వేషం ఈయన మీద పడింది. అటుపిమ్మట తెనాలి రామవిలాస సభలో చేరారు.

ఆ రోజులలో కులస్త్రీలు రంగస్థలం ఎక్కరాదు. ఎక్కిన స్త్రీలకు సంఘంలో మన్నన లేదు. కనుక ఆడువేషం మగవాని వృత్తి అయింది. కృష్ణాతీరానికి ఇది కొత్త గాదు. బందరుకు పడమటగా, దివిసీమకు చేరువనే ఉన్న కూచిపూడిలో జడ దాల్చి భామాకలాపం ఆడినవారు తరతరాలుగా పురుషులే. గుడివాడ ప్రాంతంవాడైన అక్కినేని నాగేశ్వరరావు సైతం సినిమాలకు రాకపూర్వం స్త్రీ పాత్రలే ధరించారు. అయితే కూచిపూడి వేషానికి సంప్రదాయం హద్దు గీసింది. నాటకానికి ఆ హద్దు లేదు. పార్శీ నాటకాల తళుకుబెళుకులే చాలాకాలం దానికి అలంకారం.

స్థానం వారు తళుకును నమ్ముకోలేదు. చీర కుట్టిన వస్త్రం కాదు; కుచ్చిళ్ళలో, పైట వాలులో కట్టుకొన్న మనిషి తెలియాలి. సత్యభామ కట్టులో గర్వం, చిత్రాంగి కట్టులో మోహం, మధురవాణి కట్టులో నేర్పు కనిపించాలి. విప్రనారాయణలో దేవదేవి పాత్ర మరీ కష్టం. ఆమె వేశ్య; భక్తురాలి వేషంలో వస్తుంది. అంటే పురుషుడు స్త్రీ కావాలి, ఆ స్త్రీ మరొక స్త్రీగా నటించాలి. రోషనారకు మొగలు అంతఃపురపు ఉడుపులు. ఇన్నింటికీ ఆయన సొంత పరిశీలనే ఆధారం.

ఆయన కట్టు చూచి గృహిణులు ఇంటికిపోయి అట్లే కట్టుకొనేవారని ప్రతీతి. విడ్డూరమే మరి! తమ చీర తాము కట్టుకొని ఆ వేదిక ఎక్కే అర్హత లేని ఆడవారు, ఒక మగవాని వద్ద ఆ కట్టు నేర్చుకొన్నారు. నాటకాన్ని మెచ్చినవారు ఈ సంగతి అంతగా పట్టించుకోలేదు.

1956లో ఆయనకు పద్మశ్రీ లభించింది. తన నటజీవితాన్ని నటస్థానం అనే గ్రంథంగా వ్రాశారు. శ్రీకృష్ణ తులాభారంలో సత్యభామ కోసం ఆయన వ్రాసుకొన్న పాటను 1966లో అదే పేరుగల చిత్రంలో పి. సుశీల పాడగా, తెనాలి పక్కనే దుగ్గిరాలలో పెరిగిన జమున అభినయించారు. స్థానం వారు 1971లో కన్నుమూశారు.