మాట పోకుండా మూర్ఛను తగ్గించిన వైద్యుడు

బెంగళూరులోని మన పిల్లలు ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడం, తరగతిలో ఇంగ్లిష్ వింటూ పెరుగుతున్నారు. ఇన్ని భాషలు చిన్న బుర్రకు భారం కావా అని తల్లిదండ్రులు మమ్మల్ని తరచూ అడుగుతుంటారు. ఫిట్స్ వచ్చే పిల్లలున్న ఇంట్లో ఈ భయం రెట్టింపవుతుంది. తెలుగు మానిపించేద్దామా అనే దాకా వెళుతుంది. మూర్ఛ మీద జీవితమంతా పనిచేసి, పిల్లల భాషల గురించీ గట్టిగా ఆలోచించిన వైద్యుడు ఒకరున్నారు. ఆయన వైల్డర్ పెన్‌ఫీల్డ్. ఆయన కథ మన బడులకు పనికొస్తుందని మా నమ్మకం.

పెన్‌ఫీల్డ్ 1891 జనవరి 26న అమెరికాలోని స్పోకేన్‌లో పుట్టారు. తండ్రి వైద్యుడే అయినా వృత్తిలో నిలదొక్కుకోలేకపోయారు. కొడుక్కి ఎనిమిదేళ్లప్పుడు తల్లి పిల్లలను తీసుకుని హడ్సన్ అనే ఊరికి వెళ్లిపోయింది. అక్కడ ఒక మగపిల్లల బడి ఏర్పడడంలో ఆమె చెయ్యి ఉంది. కొడుకు రోడ్స్ స్కాలర్‌షిప్ సాధించాలన్నది ఆమె కల. అతను ప్రిన్స్‌టన్‌లో చదివి, అన్నట్టే ఆ స్కాలర్‌షిప్‌తో ఆక్స్‌ఫర్డ్ చేరాడు. నరాల వ్యవస్థను శోధించిన చార్లెస్ షెరింగ్టన్ అక్కడ ఆయనకు గురువు. 1916లో ఇంగ్లిష్ చానల్ దాటుతున్న ఓడను జర్మన్లు టార్పెడోతో పేల్చినప్పుడు తీవ్రంగా గాయపడి బతికి బయటపడ్డారు. 1918లో జాన్స్ హాప్కిన్స్‌లో వైద్యపట్టా పొందారు.

1928 ఆయన జీవితంలో కీలకమైన ఏడాది. అప్పట్లో జర్మనీలో ఉన్న బ్రెస్లావ్ నగరంలో ఓట్‌ఫ్రిడ్ ఫోర్‌స్టర్ దగ్గర మూర్ఛ ఆపరేషన్లు చూసి నేర్చుకున్నారు. ఆ ఏడాదే కెనడాలోని మాంట్రియల్ చేరారు. డిసెంబరులో సొంత అక్క రూత్‌కు ఆపరేషన్ చేయాల్సి వచ్చింది. ఆమెకు చిన్నతనం నుంచీ మూర్ఛ ఉండేది. మెదడు ముందు భాగంలో పెద్ద గడ్డ ఉందని అప్పుడే తేలింది. చాలా భాగం తీసేశారు కానీ మొత్తం తీయలేకపోయారు. కొంతకాలం ఆమె పిల్లలతో, ఇంటి పనితో గడిపింది. తర్వాత గడ్డ మళ్లీ పెరిగి మరణించింది. మూర్ఛను చదవడానికీ, నయం చేయడానికీ ఒకే చోట అందరూ కలిసి పనిచేసే సంస్థ కావాలన్న పట్టుదల ఈ దెబ్బతో బలపడింది. రాక్‌ఫెల్లర్ ఫౌండేషన్ ఇచ్చిన పన్నెండు లక్షల డాలర్లకు పైగా నిధితో 1934లో మాంట్రియల్ న్యూరోలాజికల్ ఇన్‌స్టిట్యూట్ తెరుచుకుంది.

ఇంతకీ ఆయన చేసిందేమిటి? మెదడుకు సొంతంగా నొప్పి తెలియదు. అందుకని తల చర్మానికి మాత్రమే మత్తు ఇచ్చి, రోగి మెలకువగా మాట్లాడుతుండగానే ఆపరేషన్ చేసేవారు. పుర్రె తెరిచాక సన్నని తీగతో మెదడు పైపొర మీద అక్కడక్కడా కొద్దిపాటి విద్యుత్తు తాకించేవారు. ఒకచోట తాకిస్తే చెయ్యి కదిలేది. ఇంకోచోట నాలుక తిమ్మిరెక్కేది. బొమ్మలు చూపిస్తూ పేర్లు అడుగుతున్నప్పుడు ఒకచోట తాకిస్తే, వస్తువేమిటో తెలిసినా దాని పేరు నోటికి వచ్చేది కాదు. అలాంటి ప్రతి చోటా అంకె వేసిన చిన్న చీటీ పెట్టేవారు. మూర్ఛ పుట్టే చోటు తీసేయాలి, మాట పుట్టే చోటు వదిలేయాలి. కత్తి పట్టేముందు ఈ రెండింటి మధ్య గీత గీయడమే ఆయన పద్ధతి. మెదడు తరంగాలను గీసే ఈఈజీ యంత్రంతో హెర్బర్ట్ జాస్పర్ ఆయనకు తోడయ్యాక ఆ గీత మరింత కచ్చితమైంది.

ఈ పద్ధతి ఎక్కువగా ఉపయోగపడింది టెంపోరల్ లోబ్ మూర్ఛకు. కణతల లోపల, చెవికి దగ్గరగా, మెదడుకు రెండు పక్కలా ఉండే భాగమిది. వినికిడి, జ్ఞాపకం, మాట అర్థం చేసుకోవడం దీని పనుల్లో కొన్ని. మూర్ఛ ఇక్కడ పుడితే పిల్లలు కిందపడి కొట్టుకోకపోవచ్చు. కడుపులోంచి ఏదో పైకి ఎగదన్నినట్టు, జరుగుతున్నది ఇంతకుముందే జరిగినట్టు, లేని వాసన వచ్చినట్టు అనిపిస్తుంది. తర్వాత చూపు నిలిచిపోతుంది. పెదవులు చప్పరిస్తారు, చొక్కా గుండీలు తడుముతారు, పిలిస్తే పలకరు. ఒకటి రెండు నిమిషాల్లో తేరుకున్నాక ఏం జరిగిందో చెప్పలేరు. పాఠం మీద ధ్యాస లేదని మనం కసిరేది చాలాసార్లు ఇలాంటి పిల్లలనే. గాలి సోకిందని తాయెత్తు కట్టించేదీ ఇలాంటి పిల్లలకే.

పెన్‌ఫీల్డ్ ఆపరేషన్లన్నీ సాఫీగా సాగలేదు. 1950 తర్వాత ఆయన రోగులను బ్రెండా మిల్నర్ అనే మనస్తత్వవేత్త పరీక్షించేవారు. ఒక పక్క టెంపోరల్ లోబ్ తీసిన ఇద్దరిలో కొత్త విషయాలు గుర్తుంచుకునే శక్తి పోయిందని ఆమె గమనించారు. వారికి రెండో పక్క ముందే దెబ్బతిని ఉండాలని ఆమె, పెన్‌ఫీల్డ్ ఊహించారు. 1953లో అమెరికాలో మరో సర్జన్ ఒక యువకుడికి రెండు పక్కలా తీసేశారు. అతను జీవితాంతం కొత్త జ్ఞాపకాలు నిలుపుకోలేకపోయాడు. పెన్‌ఫీల్డ్ తమ ఇద్దరి సంగతి దాచిపెట్టలేదు. మిల్నర్‌తో కలిసి 1958లో వైద్యలోకం ముందు పెట్టారు. ఆపరేషన్‌కు ముందు ఏ పక్క ఏ పని చేస్తోందో పరీక్షించి తీరాలన్న నియమం ఇలాంటి అనుభవాల నుంచే బలపడింది.

ఇక భాషల సంగతి. మాంట్రియల్ ఫ్రెంచి, ఇంగ్లిష్ రెండూ పలికే ఊరు. ఈ విషయంలో మన బెంగళూరుకు చుట్టమే. పసివయసులో మెదడు రెండో భాషను, మూడో భాషను తల్లి దగ్గర నేర్చినంత సులువుగా విని నేర్చుకుంటుందని పెన్‌ఫీల్డ్ వాదించారు. తన పిల్లలకూ చిన్నప్పుడే ఇతర భాషలు వినిపించారు. బడిలో రెండో భాష ఆలస్యంగా మొదలుపెట్టడం పొరపాటని 1950లలో పదేపదే చెప్పారు. ఆయన చెప్పిన వయసు హద్దు అంత గట్టిదేమీ కాదని తర్వాతి పరిశోధకులు అన్నారు. అయితే ఎక్కువ భాషలు రావడం వల్ల మూర్ఛ రాదు. ఒక భాష మానిపిస్తే మూర్ఛ తగ్గదు.

ఆయన విద్య మన దాకా రావడానికి ఎక్కువ కాలం పట్టలేదు. కేరళకు చెందిన జేకబ్ చాందీ మాంట్రియల్‌లో పెన్‌ఫీల్డ్ దగ్గర శిక్షణ పొంది, 1949లో చిత్తూరుకు దగ్గర్లోని వెల్లూరు సీఎంసీ ఆసుపత్రిలో దేశంలోనే తొలి న్యూరోసర్జరీ విభాగం మొదలుపెట్టారు. మూర్ఛకు ఆపరేషన్ 1952లో అక్కడే జరిగింది. నేడు మన హోసూరు రోడ్డులోని నిమ్హాన్స్‌లోనూ ఈ చికిత్స ఉంది.

ఫలితాల లెక్కలు కూడా మన దేశంలోవే ఉన్నాయి. మందులకు లొంగని మూర్ఛ ఉన్న 116 మంది పిల్లలపై ఢిల్లీ ఎయిమ్స్ జరిపిన అధ్యయనం 2017లో వెలువడింది. ఏడాది తర్వాత ఆపరేషన్ చేయించుకున్నవారిలో 77 శాతం మందికి మూర్ఛ రాలేదు. మందుల మీదే ఉన్నవారిలో అది 7 శాతమే. అయితే ఆపరేషన్ అయినవారిలో మూడో వంతు మందికి తీవ్రమైన ఇబ్బందులు వచ్చాయి. ఒక పక్క కాలుచేతుల్లో బలం తగ్గడం వాటిలో ముఖ్యం. అందులో చాలావరకు ఆపరేషన్ జరిగే చోటును బట్టి డాక్టర్లు ముందే ఊహించినదే. లాభం, నష్టం రెండూ తెలుసుకునే తల్లిదండ్రులు నిర్ణయం తీసుకోవాలి.

మూర్ఛ ఉన్నవారిలో చాలామందికి మందులే చాలు. సరైన మందులు రెండు సరైన మోతాదులో వాడినా తగ్గనప్పుడు ఆపరేషన్ కుదురుతుందా అని పెద్ద ఆసుపత్రిలో అడగాలి. ఏళ్ల తరబడి ఆగనక్కర్లేదు. సొంతంగా మందులు ఆపకూడదు. పరీక్షల్లో భాష, జ్ఞాపకశక్తి చూస్తారు. అప్పుడు పిల్లవాడికి బాగా వచ్చే భాష తెలుగు అయితే ఆ మాట డాక్టర్లకు ముందే చెప్పండి. సగం వచ్చిన భాషలో అడిగితే తడబాటు భాషదో జబ్బుదో తేలదు.

పెన్‌ఫీల్డ్ 1976 ఏప్రిల్ 5న మాంట్రియల్‌లో కన్నుమూశారు. చివరి వారాల దాకా ఆత్మకథ రాస్తూనే ఉన్నారు.

ఉపాధ్యాయులకు మా మనవి. పిల్లవాడు చూపు నిలిపి పలకకుండా ఉంటే కసరకండి. తేదీ, గంట, ఎన్ని నిమిషాలు, చేతులు, నోరు ఏం చేశాయి అన్నది ఒక పుస్తకంలో రాసి తల్లిదండ్రులకు ఇవ్వండి. కిందపడి కొట్టుకుంటే పక్కకు తిప్పి పడుకోబెట్టండి. చేతిలో తాళాలు పెట్టడం, నోట్లో చెంచా పెట్టడం వద్దు. అయిదు నిమిషాలు దాటితే ఆసుపత్రికి తీసుకెళ్లండి. ఈఈజీ తీసే సమయానికి మూర్ఛ రాకపోవచ్చు. తరగతిలో మీరు చూసి రాసిన నాలుగు వాక్యాలు డాక్టర్‌కు అప్పుడు ఎంతో పనికొస్తాయి.