యాకొబ్ వాన్ మార్లాంట్ : కథాసత్యము, చరిత్రసత్యము

డచ్చివారనగానే తెలుగువారికి స్ఫురించునది 17వ శతాబ్దిలో మచిలీపట్టణము, భీమునిపట్టణము మున్నగు రేవులందు వారు నెలకొల్పిన వర్తకస్థానములు. ఆ వర్తకులు మన తీరమును చేరుటకు మూడువందల యేండ్లకు పూర్వమే వారి భాషలో విస్తృతమైన కావ్యవాఙ్మయము వెలసియుండెనను సంగతికి మన విద్వల్లోకమున అంతగా ప్రచారము లేదు. ఆ వాఙ్మయమున అగ్రగణ్యుడు 13వ శతాబ్దికి చెందిన యాకొబ్ వాన్ మార్లాంట్. ఈతనిని తరువాతి తరమునకు చెందిన యాన్ వాన్ బూండాలె అను కవి డచ్చి కవులందరకు పితృస్థానీయుడని కీర్తించెను.

మార్లాంట్ యౌవనమున ఆర్థరురాజు కథలను, పవిత్రపాత్ర వృత్తాంతమును, ట్రాయి యుద్ధమును కావ్యములుగా సంతరించెను. ప్రౌఢవయస్సున అట్టి కథలనే అసత్యములని తీవ్రముగా నిరసించెను. ఒకే కవియందు కానవచ్చు ఈ వైరుధ్యమునకు హేతువేమి? ఈతని సాహిత్యజీవితము రెండు ఖండములుగా చీలినదా? లేక ఆద్యంతము ఒకే సూత్రము దానిని నడిపినదా? ఈ ప్రశ్నకు సమాధానమును ఈతని జీవితక్రమముననే వెదకవలసియున్నది.

మార్లాంట్ ఇంచుమించు 1230 ప్రాంతమున ఫ్లాండర్స్ దేశములోని బ్రూజ్ నగర పరిసరములందు జన్మించెనని పండితుల అభిప్రాయము. ఆ కాలమున ఫ్రెంచి దేశమునుండి వచ్చిన వీరశృంగార కథాకావ్యములు డచ్చి భాషలో కొత్త రూపములను పొందుచుండెను. చక్రవర్తియగు షార్లమేన్ దైవాజ్ఞచే రాత్రివేళ దొంగతనమునకు బయలుదేరిన కథను చెప్పు 'కారెల్ ఎండె ఎలెగాస్ట్', ఆర్థరు మేనల్లుడైన వీరుడు గాలిలో తేలివచ్చిన చదరంగపు పలకను వెదకుచు పోయిన కథను చెప్పు 'వాలెవైన్', నక్క కపటనీతిని వర్ణించు 'రైనార్డ్' కావ్యము ఆ శతాబ్ది సృష్టులే. లాటిన్ మతాచార్యుల భాష; ఫ్రెంచి రాజాస్థానముల భాష; డచ్చి సామాన్యులు మాటలాడు భాష. ఆ మూడవ భాష కథలు చెప్పుటకు చాలునుగాని శాస్త్రములను, చరిత్రను చెప్పుటకు తగదను భావము పెక్కుమందికి కలదు.

యువకుడగు మార్లాంట్ లాటిన్ విద్యను చక్కగా నభ్యసించి, హాలండు దక్షిణభాగమున నున్న వోర్న ద్వీపమునకు చేరెను. అచటి మార్లాంట్ అను గ్రామమందలి చర్చిలో పరిచారకోద్యోగమున కుదిరెను. ఆ గ్రామనామమే ఈతని పేరున స్థిరపడినది. వోర్న ప్రభువులు హాలండు కౌంటుల కొలువున ప్రముఖులు. హాలండు ప్రభువైన రెండవ విలియము 1256లో యుద్ధమున మరణించుటచే, 1254లో జన్మించిన ఆతని కుమారుడు ఐదవ ఫ్లోరిస్ శైశవముననే వారసుడయ్యెను. ఆ బాలుని సంరక్షణభారమును కొంతకాలము మేనత్తయగు ఆలెయ్‌డా వహించెను. మార్లాంట్ రచనలలో పెక్కింటికి ఈ రాజపరివారముతో సంబంధము కలదు.

ఈతని ప్రథమ మహాకావ్యము అలెగ్జాండరు చరిత్రము. ఇది 1260 ప్రాంతపు రచన. దీనికి మూలము 12వ శతాబ్దిలో వాల్టర్ ఆఫ్ షాతియోఁ రచించిన లాటిన్ కావ్యము. తన్ను ప్రోత్సహించిన స్త్రీ పేరును కవి సర్గారంభాక్షరములందు గూఢముగా నిమిడ్చెను. ఆమె ఆలెయ్‌డాయే యని కొందరి యూహ. మూలము ప్రశస్తమైనదే యైనను మార్లాంట్ దానిని యథాతథముగ అనువదించి ఊరకుండలేదు. దేశముల వర్ణనమును, పూర్వచరిత్రాంశములను ఇతర లాటిన్ గ్రంథములనుండి సేకరించి చేర్చెను. కథ చెప్పుచునే శ్రోతకు లోకజ్ఞానము కలిగింపవలెనను తలంపు తొలికావ్యముననే వ్యక్తమగుచున్నది.

పిమ్మట 1261 ప్రాంతమున వోర్న ప్రభువగు ఆల్బ్రెఖ్ట్‌కు అంకితముగా పవిత్రపాత్ర చరిత్రమును, మెర్లిన్ చరిత్రమును రచించెను. వీనికి రొబేర్ ద బొరోఁ పేర వెలసిన ఫ్రెంచి కథలు మూలములు. క్రీస్తు దేహమును సమాధి చేసిన అరిమతయియ యోసేపు వృత్తాంతమును ఫ్రెంచి మూలము చెప్పిన తీరు సువార్తలతో పొసగని తావులందు మార్లాంట్ మౌనముగా సాగిపోలేదు. మూలము పొరబడినదని కావ్యమధ్యముననే తెలిపి, సువార్తల ననుసరించి దానిని సవరించెను. రంజనమే ప్రయోజనముగాగల కథలో ఇట్టి ప్రమాణవిచారము అరుదు. తరువాతికాలమున ఈతడు చేసిన నిరసనకు బీజము ఇచటనే పడినది. మార్లాంట్ తీరు మారినదని చెప్పువారు ఈ అంశమును విస్మరింపరాదు.

ఇంచుమించు అదే కాలమున 'టొరెక్' అను ఆర్థరు సంబంధమైన కావ్యమును రచించెను. దాని ఫ్రెంచి మూలము నేడు లభ్యము కాదు. తన మాతామహి పోగొట్టుకొనిన స్వర్ణశిరోభూషణమును తిరిగి తెచ్చుటకు టొరెక్ అను యువవీరుడు బయలుదేరును. ఆ భూషణము మిరౌదె అను కన్యకవద్ద నుండును. ఆమెయే తుదకాతనికి భార్యయగును. ఈ కథామధ్యమున ఒక విచిత్ర సన్నివేశము కలదు. చోదకుడు లేని నౌక టొరెక్‌ను జ్ఞానమందిరమునకు చేర్చును. అచట స్త్రీపురుషులగు వివేకులు కూర్చుండి ప్రభువుల ధర్మమును, కాలమున ప్రబలిన దుర్నీతిని, ప్రేమతత్త్వమును చర్చింతురు. వీరుడు ఖడ్గము దూయడు, కూర్చుండి వినును. సాహసకథను ఉపదేశమునకు వాహకముగా చేయు కవిహృదయము ఈ ఘట్టమున సుస్పష్టము.

1264 ప్రాంతమున పూర్తియైన ట్రాయి చరిత్రము నలుబదివేల పాదములను మించిన బృహత్కావ్యము. బెన్వా ద సాంత్-మోర్ రచించిన ఫ్రెంచి కావ్యము దీనికి ప్రధానమూలము. తనకు పూర్వుడగు సేఖెర్ డీన్‌గొట్‌గాఫ్ రచించిన ట్రాయి ఘట్టములను ఇందు చేర్చుకొని, వర్జిల్ మహాకవి ఈనియడ్ కథను కూడ మార్లాంట్ జోడించెను.

తరువాత కొలదికాలమునకు మార్లాంట్ ఫ్లాండర్స్‌కు మరలివచ్చి, బ్రూజ్ నగరమునకు రేవుపట్టణమైన డామ్మెలో స్థిరపడెను. ఈ దశలో ఈతని దృష్టి కథలను విడిచి శాస్త్రముల వైపు మరలెను. నికొలాస్ వాన్ కాట్స్ అను జీలండు ప్రభువు కొరకు రచించిన 'ప్రకృతి పుష్పము' పదుమూడు భాగముల శాస్త్రకావ్యము. మనుష్యులు, చతుష్పాత్తులు, పక్షులు, మత్స్యములు, సర్పములు, వృక్షములు, రత్నములు, లోహములు మున్నగువాని స్వభావములు ఇందు వర్ణితములు. దీని పీఠికలో, తనకు పూర్వము జంతుకావ్యమును రచించిన విలెమ్ ఊటెన్‌హోవె ఫ్రెంచి గ్రంథమును అనుసరించుటచేతనే సత్యమునకు దూరమయ్యెనని విమర్శించెను. ఫ్రెంచి అనిన అవిశ్వాసము, లాటిన్ అనిన ప్రామాణ్యము అను నియమము ఇచట సిద్ధాంతరూపమును దాల్చినది. అయితే తన లాటిన్ మూలమును ఆల్బెర్టస్ మాగ్నస్ రచనగా మార్లాంట్ పేర్కొనుట గమనార్హము. దాని నిజకర్త తోమా ద కాంతాంప్రె. మూలశుద్ధిని అంతగా కోరినవాడే మూలకర్త విషయమున భ్రమపడుట పరిశోధకులందరు మనసునందుంచుకొనదగిన అంశము.

1271 మార్చి 25వ తేదీన మార్లాంట్ పద్యరూపమగు బైబిలును ముగించెను. ఇది పేత్రుస్ కొమెస్తోర్ లాటిన్ గ్రంథమునకు అనుసరణము. దీనికి అనుబంధముగా జోసెఫస్ చరిత్రనుండి యెరూషలేము వినాశవృత్తాంతమును చేర్చెను. ఆర్థరు కథలును, నక్క కథలును, మాడొక్ స్వప్నమును ఇందు లేవని కవి స్వయముగా తెలిపెను. అనగా శ్రోతలు వేనిని ఆశించి వచ్చుదురో ఆతడెరుగును. ఆ సభనే ఆతడు వేరొకదానివైపు త్రిప్పదలచెను.

ఈ ప్రయత్నము నిరపాయమైనది కాదు. పవిత్రగ్రంథ రహస్యములను సామాన్యులకు వెల్లడించెనని మతాచార్యులలో కొందరు ఆగ్రహించిరి. ఆ సంగతిని మార్లాంట్ తన తరువాతి గ్రంథపు పీఠికలో స్మరించి, మతసిద్ధాంత భాగములను వారికే విడిచిపెట్టుచున్నానని తెలియజేసెను. పండితులకు పరిమితమైన విద్యను దేశభాషలోనికి తెచ్చువాడు ఇరువైపుల నుండియు ఒత్తిడిని ఎదుర్కొనవలసివచ్చినది. శ్రోతలు కథను కోరుదురు. ఆచార్యులు మౌనమును కోరుదురు. ఈ రెంటికి నడుమ దేశభాషకు ప్రామాణ్యమును సాధించుటయే మార్లాంట్ జీవితకార్యము.

ఆ కార్యమునకు పరాకాష్ఠ 'చరిత్రదర్పణము'. ఐదవ ఫ్లోరిస్‌కు అంకితమైన ఈ గ్రంథమునకు మూలము వేన్సాఁ ద బోవే లాటిన్ లోకచరిత్రము. 1283 ప్రాంతమున ఆరంభించి ఇంచుమించు 1288 వరకు మార్లాంట్ దీనిపై శ్రమించెను. ఇందు ఫ్రెంచి కవులను మనోహరముగా అబద్ధములాడువారని నిందించెను. షార్లమేనునకు వారు అంటగట్టిన సాహసములను త్రోసిపుచ్చెను. లాన్సలాట్, పెర్సివాల్ మున్నగువారి ప్రస్తావన లాటిన్ గ్రంథములలో తనకు కనబడలేదని తెలిపెను. గొప్ప వంశములవారు గర్వముతో చెప్పుకొను హంసవీరుని కథను కూడ ఆతడు విడువలేదు. మనుష్యులెవరును హంసనుండి పుట్టలేదని నిర్మొగమాటముగ ప్రకటించెను.

అయితే ఆర్థరును మాత్రము మార్లాంట్ త్యజించలేదు. వేన్సాఁ గ్రంథమున ఆర్థరును గూర్చి స్వల్పముగా నుండగా, 12వ శతాబ్దివాడగు జాఫ్రీ ఆఫ్ మన్మత్ రచించిన బ్రిటన్ రాజుల చరిత్రనుండి గైకొని విస్తరించెను. జాఫ్రీ గ్రంథము అధికభాగము కల్పితమని ఆధునికుల నిర్ణయము. లాటిన్‌లో నుండుటచే అది మార్లాంట్‌కు చరిత్రగా తోచినది. గ్రంథభాషను బట్టి సత్యమును నిర్ణయించుట ఆతని పద్ధతికి గల పరిమితి. అయినను మూలములను పోల్చుట, పరస్పర విరుద్ధములైనపుడు శ్రోతకు ఆ సంగతిని తెలుపుట, స్వీకరించినదానికి ఆధారమును చెప్పుట అను విధానమును డచ్చి భాషలో నెలకొల్పిన ఘనత ఆతనికే చెల్లును.

మార్లాంట్ కేవలము అనువాదకుడు కాడు. పదుమూడు పాదముల చరణములలో ఆతడు రచించిన స్వతంత్రకవితలు కలవు. వానిలో యాకొబ్, మార్టిన్ అను మిత్రుల సంవాదరూపమైన కవిత ప్రసిద్ధము. లోకమున అన్యాయమేల ప్రబలెను, దాస్యమెట్లు పుట్టెను అను ప్రశ్నలను ఇందు చర్చించి, నాది నీది అను భేదమే కలహములకు మూలమని నిరూపించెను. 1291లో ఏకర్ దుర్గము క్రైస్తవుల చేజారిన సందర్భమున రచించినదిగా భావింపబడు కవితలో ప్రభువుల, మతాధికారుల అలసత్వమును నిర్భయముగా గర్హించెను. 13వ శతాబ్ది చివర డామ్మెలో ఈతడు కన్నుమూసెనని చెప్పుదురు.

చరిత్రదర్పణము ఆతని చేతిలో పూర్తికాలేదు. రెండవ భాగమును ఫిలిప్ ఊటెన్‌బ్రూకె రచించెను. నాలుగవ భాగమును ముగించి ఐదవదానిని చేర్చినవాడు లొడెవైక్ వాన్ వెల్తెమ్ అను మతగురువు. ఈ వెల్తెమ్ 1326లో మార్లాంట్ మెర్లిన్ కథను కూడ కొనసాగించెను. అంతేకాక, హేగ్ నగరమందలి జాతీయగ్రంథాలయమున నేడు భద్రపరుపబడిన లాన్సలాట్ సంపుటము ఒకప్పుడు ఈతని సొత్తు. పది ఆర్థరు కావ్యములు గల ఆ సంపుటముననే టొరెక్ కావ్యము సంక్షిప్తరూపమున నిలిచియున్నది. గురువు ఏ కథలను నిరసించెనో వానిని, ఏ చరిత్రను ప్రతిష్ఠించెనో దానిని ఒకే అనుయాయి ఆదరముతో కాపాడెను.

మరియొక విశేషము గలదు. డామ్మె చర్చియందలి మార్లాంట్ సమాధిశిలపై గల చిత్రమును జనులు తప్పుగా గ్రహించి, దానిని టిల్ ఉలెన్‌స్పీగెల్ అను హాస్యకథానాయకుని సమాధిగా భావించిరని ప్రతీతి. కట్టుకథలను ఖండించినవాని సమాధియే ఒక కట్టుకథకు నెలవైనది. 1860లో డామ్మె అంగడివీధిలో ఆతని విగ్రహము ప్రతిష్ఠింపబడెను. 1996లో ఫ్రిట్స్ వాన్ ఓస్ట్రోమ్ ప్రకటించిన విపులమైన గ్రంథము ఈ కవిని నేటి పాఠకులకు సన్నిహితుని గావించినది.

పైవిచారముచే తేలునది ఇది. మార్లాంట్ యౌవనమున కథకుడై, వార్ధకమున కథాద్వేషియైనవాడు కాడు. పవిత్రపాత్ర కథలో మూలమును సవరించిన చేయియే చరిత్రదర్పణమున హంసవీరుని తొలగించినది. టొరెక్‌ను జ్ఞానమందిరమునకు చేర్చిన సంకల్పమే బైబిలును సామాన్యుల భాషలోనికి తెచ్చినది. మారినది వస్తువు; మారనిది శ్రోతయెడల కవికి గల బాధ్యత. కావ్యమునకును చరిత్రమునకును గల ఎల్లను నిర్ణయించుటలో ఆతని కొలత కొన్ని యెడల తప్పియుండవచ్చును. ఆ ఎల్ల యొకటి కలదని, దానిని దేశభాషలోనే చర్చింపవలెనని చాటుటలో మాత్రము ఆతడు తన కాలమునకు మార్గదర్శకుడయ్యెను.