ఏకాకి న్యాయమూర్తి

జాన్ మార్షల్ హార్లన్ 1833వ సంవత్సరము జూన్ 1వ తేదీన అమెరికా సంయుక్త రాష్ట్రములలోని కెంటకీ రాష్ట్రమున జన్మించెను. తండ్రి న్యాయవాది. ఆ దేశపు సుప్రసిద్ధ ప్రధాన న్యాయమూర్తి జాన్ మార్షల్ పేరునే ఆయన తన కుమారునకు పెట్టెను. ఆ కాలమున అచ్చట నల్లజాతివారిని కొని బానిసలుగా నుంచుకొనెడివారు. హార్లన్ ఇంటను బానిసలుండిరి.

హార్లన్ తండ్రివలెనే న్యాయవాది యయ్యెను. 1861లో అంతర్యుద్ధము చెలరేగగా, దేశము చీలిపోకుండుటకై సైన్యమున చేరి పోరాడెను. అయినను బానిసల విముక్తికి ఆయన సమ్మతింపలేదు. యుద్ధానంతరము నల్లవారిపై దౌర్జన్యములు ప్రబలెను. క్రమముగా హార్లన్ మనస్సు మారెను. 1871లో గవర్నరు పదవికి పోటీ చేయుచు, తన పూర్వాభిప్రాయము తప్పని బహిరంగముగా నొప్పుకొనెను.

1877లో అధ్యక్షుడు హేస్ ఆయనను సుప్రీం కోర్టు న్యాయమూర్తిగా నియమించెను. వసతి గృహములందును, వాహనములందును, నాటకశాలలందును నల్లవారికి సమాన ప్రవేశము కల్పించుచు 1875లో ఒక చట్టము చేయబడియుండెను. 1883లో తొమ్మిదిమంది న్యాయమూర్తులలో ఎనిమిదిమంది అది చెల్లదనిరి. హార్లన్ మాత్రమే విభేదించెను. కాని తన అభిప్రాయమును వ్రాయబూనగా కలము సాగదయ్యెను.

అప్పుడు ఆయన భార్య మాల్వినాకు ఒక ఉపాయము తోచెను. నల్లవారు ఆ దేశ పౌరులు కాజాలరని 1857లో తీర్పు చెప్పిన ప్రధాన న్యాయమూర్తి టానీ వాడిన సిరాబుడ్డి వారి యింట నుండెను. ఒక ఆదివారమున భర్త చర్చికి పోయినపుడు, ఆమె దానిని శుభ్రపరచి, సిరా నింపి, ఆయన బల్లపై నుంచెను. ఒకనాడు అన్యాయమునకు తోడ్పడిన ఆ సిరాబుడ్డిని చూడగనే ఆయన ఆలోచనలు స్పష్టపడెను. కలము నిరాటంకముగా సాగెను.

1892లో హోమర్ ప్లెస్సీ అను నాతడు లూసియానా రాష్ట్రమున తెల్లవారి రైలుపెట్టెలో కూర్చుండి నిర్బంధింపబడెను. వసతులు సమానమైనచో జాతులను వేరుచేయుట తప్పు కాదని 1896లో ఏడుగురు న్యాయమూర్తులు తీర్పు చెప్పిరి. రాజ్యాంగము పౌరుల రంగును చూడరాదని హార్లన్ ఒంటరిగా వాదించెను. ఆ రచనలోనే చీనా దేశీయులను చులకన చేయు మాటలును కలవు. అది ఆయనయందలి లోపము.

1911 అక్టోబరు 14వ తేదీన హార్లన్ మరణించెను. అప్పటికి ఆయన మాట నెగ్గలేదు. 1954 మే 17వ తేదీన అదే న్యాయస్థానమున తొమ్మిదిమంది న్యాయమూర్తులును ఏకగ్రీవముగా, పాఠశాలలలో బాలబాలికలను రంగునుబట్టి వేరుచేయుట చెల్లదనిరి. తన తప్పును దిద్దుకొనగలిగినవాడు ఒంటరియైనను నిలిచిన చోట, దేశమే నడచి వచ్చి చేరినది.