ఐసోటోపుల సోడీ, అప్పుల లెక్క

ఫ్రెడరిక్ సోడీ అనగానే మనకి ఐసోటోపులే గుర్తొస్తాయి. 1877లో ఇంగ్లండులోని ఈస్ట్‌బోర్న్‌లో పుట్టాడు. కెనడాలో రూథర్‌ఫర్డ్‌తో కలిసి, రేడియోధార్మికతలో ఒక మూలకం ఇంకో మూలకంగా మారిపోతుందని తేల్చాడు. 1921 కెమిస్ట్రీ నోబెల్ ఆయనదే.

అక్కడితో ఆగుంటే హాయిగా ఉండేవాడు. కానీ మొదటి ప్రపంచయుద్ధం తర్వాత ఆయన్ని ఇంకో ప్రశ్న పట్టుకుంది: అసలు డబ్బు ఎక్కణ్ణుంచి పుడుతుంది?

మనం పరీక్ష కోసం బట్టీపట్టే థర్మోడైనమిక్స్ రెండో నియమాన్నే ఆయన ఆర్థికశాస్త్రం మీద ప్రయోగించాడు. ధాన్యం పుచ్చిపోతుంది, యంత్రం తుప్పు పడుతుంది, బొగ్గు ఒక్కసారే మండుతుంది. అప్పు మాత్రం అరగదు. చక్రవడ్డీతో పెరుగుతూనే ఉంటుంది. సరుకు తరుగుతుంటే కాగితం మీది బాకీ ఎల్లకాలం ఎలా పెరుగుతుంది? ఎక్కడో తెగాల్సిందే కదా! అందుకే బ్యాంకులు అప్పులిస్తూ కొత్త డబ్బు పుట్టించకూడదని, డిపాజిట్లకి నూటికి నూరు శాతం నిల్వ ఉంచాలని వాదించాడు. 1926లో దీనిమీద పెద్ద పుస్తకమే రాశాడు.

ఆర్థికవేత్తలు చాలామంది ఆయన్ని తిక్కమనిషి కిందే జమకట్టారు. బ్యాంకర్ల మీద కోపం కొన్నిచోట్ల యూదుల మీద ద్వేషంగా మారిన మాట కూడా నిజం. దాన్ని వెనకేసుకు రాలేం. అయితే 1933లో, మహామాంద్యంలో బ్యాంకులు కుప్పకూలుతుంటే, షికాగో ఆర్థికవేత్తలే నూరు శాతం నిల్వ అడిగారు. అమెరికా ప్రభుత్వం ఒప్పుకోలేదు.

సోడీ 1956లో పోయాడు. 2012లో ఐఎంఎఫ్ పరిశోధకులిద్దరు ఆ షికాగో పథకాన్ని బయటికి తీసి మళ్లీ లెక్కగట్టారు.