కారొలిన్ నార్టన్

కారొలిన్ నార్టన్ (మార్చి 22, 1808 - జూన్ 15, 1877) 19వ శతాబ్దపు ఆంగ్ల కవయిత్రి, నవలా రచయిత్రి. భర్త నుండి విడిపోయిన స్త్రీకి బిడ్డలపైన, భరణముపైన, స్వార్జితముపైన హక్కు ఉండవలెనని పోరాడి ప్రసిద్ధి చెందింది. ఇంగ్లండులో 1839 నాటి శిశు సంరక్షణ చట్టము, 1857 నాటి వివాహ వ్యాజ్యాల చట్టము రూపొందుటలో ఈమె రచనల ప్రభావము కలదు.

కుటుంబము, వివాహము

ఈమె లండన్‌లో జన్మించింది. ప్రఖ్యాత నాటకకర్త రిచర్డ్ బ్రిన్‌స్లీ షెరిడన్ ఈమెకు తాతగారు. తండ్రి థామస్ 1817లో మరణించగా, ఆస్తిపాస్తులు అంతగా లేని ఆ కుటుంబము రాజానుగ్రహముతో లభించిన హాంప్టన్ కోర్టు భవనపు గదులలో నివసించింది. (ఈమె అక్క హెలెన్ కుమారుడే 1884 నుండి 1888 వరకు భారతదేశపు వైస్రాయిగా ఉన్న డఫరిన్ ప్రభువు.)

1827లో న్యాయవాది, పార్లమెంటు సభ్యుడు అయిన జార్జ్ నార్టన్‌తో వివాహము జరిగింది. వీరికి ముగ్గురు కుమారులు. భర్త ఈమెను కొట్టేవాడు. పార్లమెంటు పదవి పోయిన తరువాత 1831లో అతనికి మేజిస్ట్రేటు ఉద్యోగము దొరికినది కూడా ఈమె మిత్రుడు మెల్‌బోర్న్ ప్రభువు ద్వారానే.

విడిపోవుట

1836లో దంపతులు విడిపోయారు. జార్జ్ పిల్లలను తల్లికి దూరముగా పంపివేసి, అప్పటికి ప్రధానమంత్రి అయిన మెల్‌బోర్న్‌తో భార్యకు అక్రమ సంబంధము ఉన్నదని ఆరోపిస్తూ 10,000 పౌండ్ల పరిహారమునకు దావా వేశాడు. జూరీ తన స్థానము నుండి లేవకుండానే దావాను త్రోసిపుచ్చింది. ఆ విచారణలో కారొలిన్‌కు సాక్ష్యము చెప్పే వీలు కూడా లేదు.

నాటి చట్టము దృష్టిలో వివాహితకు భర్తతో వేరైన ఉనికి లేదు. కాపురమున్న ఇల్లు, అందులోని సామానే కాక ఆమె నగలు, బట్టలు, రచనలపై వచ్చే సొమ్ము కూడా భర్తవే. తన పేర ఇల్లు అద్దెకు తీసుకున్నా ఆ ఒప్పందము చెల్లదు. క్రూరత్వము కారణముగా మతన్యాయస్థానము భరణముతో వేరు కాపురమునకు అనుమతించవచ్చును గాని, ఒకసారి భర్తను క్షమించి తిరిగి వచ్చినందున కారొలిన్‌కు ఆ దారి మూసుకుపోయింది. పూర్తి విడాకులకు పార్లమెంటు ప్రత్యేక చట్టము చేయవలెను. 1857కు ముందు ఆ విధముగా విడాకులు పొందిన స్త్రీలు నలుగురే.

ఈమె కరపత్రముల ప్రభావముతో వచ్చిన 1839 చట్టము, 7 సంవత్సరములలోపు పిల్లల సంరక్షణకై తల్లి న్యాయస్థానమును ఆశ్రయించే వీలు కల్పించింది. అది స్కాట్లండుకు వర్తించదు. జార్జ్ పిల్లలను ఉంచినది అక్కడనే. 1842లో చిన్న కుమారుడు విలియం గుర్రముపై నుండి పడి మరణించాడు. తల్లి చేరేసరికి ఆలస్యమైపోయింది.

భరణము వివాదము

1848లో జార్జ్‌కు ట్రస్టు ఆస్తిపై అప్పు తీసుకొనుటకు భార్య సమ్మతి అవసరమైంది. అందుకు ప్రతిగా ఏడాదికి 500 పౌండ్ల భరణము ఇచ్చునట్లు పత్రము వ్రాశాడు. 1851లో తల్లి మరణముతో కారొలిన్‌కు కొంత వార్షికాదాయము సంక్రమించగానే అతడు భరణమును తగ్గించబూనాడు, ఆపై నిలిపివేశాడు. భార్యాభర్తలు చట్టరీత్యా ఒక్కటే కనుక వారి మధ్య వ్రాసుకున్న పత్రమునకు విలువ లేదని ఈమెకు అప్పుడు తెలిసింది. కారొలిన్ తనపై దావా వేయుటకు వీలులేని అప్పులవారిని భర్తపైకి పంపింది. 1853లో బండి మరమ్మతు బాకీపై నడిచిన దావాలో ఈమె స్వయముగా సాక్ష్యమిచ్చింది. ఒక సాంకేతిక కారణముపై వాది ఓడిపోయాడు, భరణము రాలేదు.

1857 చట్టము

ఈ ఓటమి తరువాత 1854, 1855లలో ఈమె వ్రాసిన రెండు కరపత్రములు పార్లమెంటు చర్చలను ప్రభావితము చేశాయి. 1857 చట్టము విడాకులకు ప్రత్యేక న్యాయస్థానమును ఏర్పరచింది. విడిచిపెట్టబడిన భార్య సంపాదనకు రక్షణ, వేరుపడిన భార్యకు ఒప్పందము చేసుకొనే అధికారము, భరణమును ఆమెకు గాని ఆమె ట్రస్టీకి గాని ఇప్పించే ఏర్పాటు అందులో చేరాయి. అయితే భర్తకు భార్య వ్యభిచారము ఒక్కటే చాలును, భార్యకు మాత్రము దానితోబాటు క్రూరత్వము వంటి మరొక కారణము కావలెను. కారొలిన్ కూడా స్త్రీ పురుష సమానత్వమును కోరలేదు, రక్షణను మాత్రమే కోరింది.

ఈ చట్టము నమూనాపైనే భారతదేశములో క్రైస్తవులకు 1869 విడాకుల చట్టము వచ్చింది. దావా నడుచుచుండగా భార్యకిచ్చే మధ్యంతర భరణము భర్త నికర ఆదాయములో ఐదవ వంతుకు మించరాదన్న అందులోని పరిమితి 2001లో తొలగిపోయింది.

చివరి రోజులు

తాను కోరిన చట్టము ద్వారా కారొలిన్ విడాకులు పొందలేదు. 1875లో జార్జ్ మరణించేవరకు ఆయన భార్యగానే ఉంది. 1877 మార్చిలో చిరకాల మిత్రుడు సర్ విలియం స్టిర్లింగ్-మాక్స్‌వెల్‌ను వివాహమాడి, అదే సంవత్సరము జూన్‌లో మరణించింది.